దుంపలు తవ్వేదాకా

డాక్యుమెంటరీలు తీసేవాళ్ళలో అతన్ని పేరుపెట్టి పిలిచేవాళ్ళు ఎవరూ లేరు. అందరికీ అతను చెవులాయన. అలాగని చెవులు చేటలంతేమీ కావు, మామూలువే. కానీ షూటింగు మధ్యలో ఉన్నట్టుండి చెయ్యెత్తి "ఆగండి, విమానం" అనేవాడు. అందరూ తలెత్తి చూస్తే ఆకాశంలో ఏమీ ఉండేది కాదు. అరనిమిషం తర్వాత నిజంగానే విమానం మోత వినిపించేది.

అతని పని శబ్దం పట్టడం. మెడలో రికార్డరు సంచి, చేతిలో పొడుగాటి కర్ర, కర్ర చివర బొచ్చు తొడిగిన మైకు, చెవులకు హెడ్‌ఫోన్లు. ఇరవై ఏళ్ళుగా అదే వేషం. పెద్ద సినిమాలవైపు ఎన్నడూ వెళ్ళలేదు. గొర్రెలు మేపేవాళ్ళు, బావులు తవ్వేవాళ్ళు, తేనెటీగలు పెంచేవాళ్ళు, ఎండిన చేలు, మునిగిన చేలు, అతను పట్టిన శబ్దాలన్నీ ఇవే. స్కూల్లో పాఠాలు చెప్పే అతని భార్య నలుగురిలో దెప్పుతుండేది. "ఈయనకు మైలు దూరంలో పిట్ట తుమ్మినా వినిపిస్తుంది. నేను మాత్రం ప్రతి మాటా మూడుసార్లు చెప్పాలి."

పని నేర్పిన గురువు అతనికి ఒక్క మాట చెప్పి పెట్టాడు. చొక్కాకు మైకు తగిలించుకున్న మనిషి కెమెరా ముందు నుంచి పక్కకు వెళ్ళిన మరుక్షణం ఆ చానల్ తగ్గించెయ్యాలి. వాళ్ళు మనకిచ్చింది గొంతు, సంసారం కాదు. ఈ ఇరవై ఏళ్ళలో అతను ఆ మాట దాటలేదు. మైకు పెట్టుకున్న సంగతి మరిచిపోయి మనుషులు పెరట్లోకి వెళ్తారు, మొగుడూ పెళ్ళాలు చెవులు కొరుక్కుంటారు, అన్నదమ్ములు తిట్టుకుంటారు. అతని వేలు దానంతటదే మీట మీదికి వెళ్ళేది.

ఆ ఏడు ఒక డైరెక్టరమ్మ కబురు చేసింది. వయసులో చిన్నది, మాటలో గట్టిది. బంగాళాదుంపలు పండించే ఒక కుటుంబంతో ఏడాది పొడుగునా తిరిగి సినిమా తియ్యాలని ఆమె పట్టుదల. నెలకు పది రోజులు అక్కడే మకాం. డైరెక్టరమ్మ, పొడుగు అని పిలుచుకునే కెమెరామన్, చెవులాయన, ముగ్గురే మనుషులు. ఒక పాత వ్యాను.

ఆ ఇల్లు రోడ్డుకు కాస్త లోపలికి, చేను అంచున ఉండేది. రెండు గదులు, ఒక వంటిల్లు, పక్కన సంచులు పేర్చుకునే రేకుల షెడ్డు. వంటింటి కిటికీ తెరిస్తే చేనంతా కనిపించేది. ఆ కిటికీ గట్టు మీద ఒక అద్దం ముక్క, దువ్వెన, మందు కొట్టేటప్పుడు తొడుక్కునే చేతి తొడుగులు, అరిగిపోయిన సబ్బు. ఇరవై అడుగుల అవతల ఇంటాయన తమ్ముడి ఇల్లు. చేను ఇద్దరన్నదమ్ములదీ కలిపే. తమ్ముడు లారీ మీద వెళ్తే వారం పది రోజులకు గాని తిరిగొచ్చేవాడు కాదు. అందుకని చేలో కనిపించేది ముగ్గురే. అన్న, అతని భార్య, ఆమె తోడికోడలు.

అన్న ముక్తసరి మనిషి. అడిగితే "ఆఁ", అడక్కపోతే అదీ లేదు. ఆ ఇంటికి నోరు అతని భార్యే. యాభైకి రెండేళ్ళు తక్కువ. మొగుడి పాత చొక్కా పైన తొడుక్కుని, చేతులు మోచేతుల దాకా మడిచి, పొద్దున్నుంచి సాయంత్రం దాకా మాట్లాడుతూనే పని చేసేది. మొదటి రోజే చెవులాయన్ని "తమ్ముడూ" అంది. అతను "అక్కా" అన్నాడు. ఆ లెక్కన ఆమె మొగుడు "బావ" అయిపోయాడు. ఆయన ఒప్పుకున్నట్టు తలూపాడు.

గట్టు మీద నడిచే సన్నివేశం మళ్ళీ ఒకసారి కావాలని డైరెక్టరమ్మ అడిగినప్పుడు అక్క నడుం మీద చెయ్యి వేసుకుని, "నేనైతే మళ్ళీ నడుస్తాను. ఇందాక నేను తొక్కిన గడ్డి మళ్ళీ లేచి నిలబడొద్దూ?" అంది. కెమెరా వణికేలా నవ్వాడు పొడుగు.

ఒకరోజు షెడ్డులో ఎవర్నీ కదలొద్దని చెప్పి చెవులాయన నిమిషం పాటు కళ్ళు మూసుకుని నిలబడ్డాడు. అయ్యాక అక్క వచ్చి అడిగింది.

"ఏం పట్టావు తమ్ముడూ?"

"ఏమీ లేదక్కా. ఉత్త షెడ్డు. మాటల మధ్యలో అతకడానికి కావాలి."

"ఏమీ లేనిది పట్టినందుకు కూడా జీతమిస్తారా? మా ఆయన్ని పెట్టుకోండి. పాతికేళ్ళ సరుకుంది ఆయన దగ్గర."

మైకు తగిలించడం అతను ఆమెకే నేర్పాడు. ఆడమనిషి చొక్కా మీద చెయ్యి వెయ్యడం అతని అలవాటు కాదు. గుండీల పట్టీ లోపలి వైపు, రెండో గుండీకి పైన. చిన్న పెట్టె జేబులో. ఆమె రెండు రోజుల్లో అతని కన్నా చక్కగా పెట్టుకోవడం నేర్చుకుంది.

నాట్లు మొదలైన మూడో రోజున జరిగింది అది. మొలకెత్తే కళ్ళు ఉండేట్టు కోసిన విత్తన దుంపల్ని బోదెల్లో జానెడు దూరానికి ఒకటి చొప్పున పెట్టుకుంటూ పోతున్నారు. పొద్దుటి నుంచీ అక్క చానల్లో ఏదో బరబరమని గీరుతోంది. గుండీయో, దారమో, తీగలో లోపమో తెలియలేదు. మంచినీళ్ళకని పని ఆపారు. డైరెక్టరమ్మ, పొడుగు మబ్బుల నీడలు తియ్యడానికి అవతలి గట్టుకు వెళ్ళారు. అక్క, తోడికోడలు మోటారు గది వెనక్కి వెళ్ళారు. చెవులాయన వేలు మీట మీదికి వెళ్ళింది, కానీ ఆగింది. గీరుడు ఎక్కణ్ణుంచి వస్తోందో ఈలోగా పట్టేద్దామనుకున్నాడు. అతను కళ్ళు మూసుకుని గీరుడే వింటున్నాడు. మాటలు వాటంతటవే వచ్చి పడ్డాయి.

"ఇదిగో, ఇక్కడ. చెయ్యి పెట్టి చూడు."

కాసేపు బట్ట రాపిడి.

"అమ్మో! ఇంతుందేంటక్కా? ఎప్పట్నుంచి?"

"చలి మొదలైనప్పుడు గోరంత ఉండేది. నొప్పి లేదుగా అని ఊరుకున్నా. చంకలో కూడా ఏదో తగుల్తోంది ఇప్పుడు."

"బావగారికి చెప్పావా?"

"చెబితే ఇంకేమైనా ఉందా? పార ఉన్నచోటే పడేసి నన్ను ఆస్పత్రుల చుట్టూ తిప్పుతాడు. విత్తనం కోసి పెట్టుకుని కూచున్నాం. దుంపలు తవ్వేదాకా ఆగితే కొంపలేం మునగవు. తవ్వాక నేనే వెళ్తాను. నా మీద ఒట్టు, ఎవరితోనూ అనకు."

అతను మీట చివరి దాకా తిప్పేశాడు. హెడ్‌ఫోన్లలో ఇప్పుడు ఏమీ లేదు. కానీ రికార్డరు తన పని తాను చేసుకుపోతూనే ఉంది. సాయంత్రం ఆ రోజు పట్టిన వాటన్నిటికీ వివరాలు రాసేటప్పుడు ఆ ముక్క ఎదురుగా "గీరుడు, పనికిరాదు" అని రాశాడు. అలా రాస్తే ఇక ఎవరూ దాన్ని తెరిచి వినరు.

దీపాలు పెట్టే వేళ వ్యాను పక్కన నిలబడి భార్యకు ఫోన్ చేశాడు. ఆమె అంతా విని, "వాళ్ళాయనకు చెప్పు" అంది.

"ఏమని చెప్పను? మీ ఆవిడ ఒంట్లో ఫలానా చోట ఫలానాది ఉందని, పరాయివాణ్ణి, నేను వెళ్ళి చెప్పనా?"

"అయితే ఆవిడకే చెప్పు, విన్నానని."

"విన్నానని ఎలా చెప్పడం?"

"నన్నడుగుతావేంటి? విన్నది నువ్వు" అంది ఆమె. కోపంగా కాదు, తనకూ తోచక.

మర్నాడు పొద్దున్న వంటింటి గుమ్మంలో అక్క మైకు తగిలించుకుంటుంటే అతను పక్కన బ్యాటరీలు మారుస్తున్నాడు. చుట్టుపక్కల ఎవరూ లేరని రెండుసార్లు చూసుకున్నాడు.

"అక్కా, టౌన్లో ఆడవాళ్ళ ఆస్పత్రి ఒకటుందట. ఒక్క పూట పని. కావాలంటే మా వ్యాన్లోనే..."

ఆమె చెయ్యి రెండో గుండీ దగ్గర ఆగిపోయింది. అతని మొహంలోకి చూసింది. తర్వాత తన చొక్కా మీదున్న మైకు వైపు చూసుకుంది.

"విన్నావా?"

"వినపడిందక్కా. కావాలని కాదు."

తిడుతుందనుకున్నాడు. తిట్టినా బాగుండేది.

"వినపడితే వినపడింది. అక్కడే వదిలెయ్. నీ నోటి నుంచి బయటికి రాకూడదు. మా ఆయన గుండె అసలే చిన్నది. మూడు నెలలు. తవ్వకం అయిన మర్నాడే వెళ్తాను. సరేనా?"

"అక్కా, మూడు నెలలంటే..."

"సరేనా, కాదా?"

"సరే" అన్నాడు అతను.

ఆ ఒక్క మాట అంటే ఆమె మళ్ళీ మామూలుగా నవ్వుతుందని అన్నాడు, నవ్వింది కూడా. అన్నాక ఇక దాన్ని మింగలేడు, కక్కలేడు.

నెల తిరిగి మళ్ళీ వెళ్ళేసరికి చేనంతా పచ్చగా కమ్ముకుంది. అక్క మాటల్లో మార్పు లేదు, నవ్వులో మార్పు లేదు. కెమెరాకు ఏమీ కనిపించలేదు. కానీ ఆమె గుండెకు నాలుగు వేళ్ళ దూరంలో మైకు ఉంది, దాని అవతలి కొస చెవులాయన చెవిలో ఉంది. మునుపు ఆమె ఒక సాలు చివరిదాకా మాట్లాడుకుంటూ పోయి అక్కడ ఒక్కసారి ఊపిరి తీసుకునేది. ఇప్పుడు సాలు మధ్యలో ఒకసారి తీసుకుంటోంది. మాట మధ్యలో ఒకసారి తీసుకుంటోంది. మంచానపడ్డ మనిషి పక్కన కూచున్నట్టు రోజంతా ఆ ఊపిరి వింటూ అతను గట్ల మీద నడిచేవాడు.

ఊరుకోలేక ఒక ఎత్తు వేశాడు. "పాపం ఏడాది పాటు మన కోసం కష్టపడుతున్నారు. ఇంటిల్లిపాదినీ ఒకసారి టౌనుకు తీసుకెళ్ళి అన్ని పరీక్షలూ చేయిద్దాం, మన వైపు నుంచి ఒక మంచి పని" అని డైరెక్టరమ్మతో అన్నాడు. ఆమెకు నచ్చింది. వ్యాను సిద్ధం చేశారు. బావ ఎక్కాడు. తోడికోడలు ఎక్కింది. అక్క మాత్రం గుమ్మంలోనే నిలబడింది.

"నేనొస్తే నీళ్ళెవరు కడతారు? ఇవాళ వంతు మనదే. మీరు వెళ్ళిరండి. నాకేం, బండరాయిలా ఉన్నాను" అంది. వ్యాను కదలబోతుంటే చెవులాయన కూర్చున్న కిటికీ దగ్గరికొచ్చి గొంతు తగ్గించింది. "బాగానే అల్లావు తమ్ముడూ. నీకింత బుర్రుందనుకోలేదు."

ఆ రోజు పరీక్షల్లో బావకు రక్తపోటు బయటపడింది. మాత్రలు రాసిచ్చారు. తోడికోడలికి కళ్ళజోడు కావాలన్నారు. వెనక్కి వచ్చేదాకా వ్యాన్లో ఆమె చెవులాయన వైపు ఒక్కసారి కూడా చూడలేదు. అతనూ చూడలేదు.

మూడో మకాం తవ్వకానికి. మొక్కల తలలు కోసేశారు. మట్టిలో తొక్క గట్టిపడటానికి దుంపల్ని పది రోజులు వదిలారు. పదకొండో రోజున తవ్వాలి. తొమ్మిదో రోజున వాన పట్టుకుంది. వేళ కాని వేళ వచ్చిన వాన అది. మొదటి రోజు బోదెలు మెత్తబడ్డాయి, రెండో రోజు సాళ్ళలో నీళ్ళు నిలబడ్డాయి. బురదలో తవ్వితే దుంప కుళ్ళుతుంది, తవ్వకపోతే మట్టిలోనే కుళ్ళుతుంది. బావ పొద్దున్నే లేచి చేలో ఒకచోట చెయ్యి పెట్టి దుంప ఒకటి పైకి లాగి, తుడిచి, వాసన చూసి, మళ్ళీ అక్కడే పెట్టేసేవాడు. పొడుగు దాన్ని అద్భుతంగా తీశాడు. చెవులాయన రేకుల మీద వాన చప్పుడు రికార్డు చేస్తూ లోపల రోజులు లెక్కపెట్టుకున్నాడు. అప్పటికి ఆ మాటలు విని పదకొండు వారాలు.

వాన తెరిపిచ్చిన రోజున అక్క షెడ్డులో ఖాళీ సంచులు దులుపుతోంది. నాలుగు సంచులు దులిపి గోడకు చేరబడింది. దగ్గు వచ్చింది. మైకును అరచేత్తో మూసి దగ్గింది. అంతసేపూ ఆ అరచెయ్యి అతని చెవుల మీద పెట్టినట్టే ఉంది. హెడ్‌ఫోన్లు తీసి సంచిలో పడేసి తిన్నగా బావ దగ్గరికి నడిచాడు.

బావ గట్టు మీద కూచుని కాలవ మూతికి అడ్డుపడ్డ చెత్త తీస్తున్నాడు.

"బావా, ఒక మాట. అక్కకు మాటిచ్చాను చెప్పనని. అయినా చెప్పక తప్పదు. అక్కకు..."

"తెలుసు" అన్నాడు బావ.

చెవులాయనకు కాసేపు ఏం విన్నాడో అర్థం కాలేదు.

"నాట్లప్పుడే మా మరదలు చెప్పింది. తను చెప్పినట్టు ఆవిడకు తెలియనివ్వనని నా చేత ఒట్టేయించుకుని చెప్పింది."

"మరి ఇన్నాళ్ళూ..."

బావ చేతిలో చెత్త అటు విసిరేశాడు. జీవితంలో అతను ఒక్కసారిగా అన్ని మాటలు మాట్లాడటం బహుశా అదే మొదలు.

"పన్ను నొప్పని రెండుసార్లు టౌనుకు తోడు రమ్మన్నా. రాలేదు. నువ్వు వ్యాను పెట్టించావు చూడు, అప్పుడర్థమైంది నీకూ తెలుసని. అప్పుడూ రాలేదు. ఇవాళ గట్టిగా అడగాలి అని రోజూ అనుకుంటా. అడిగితే ఆవిడ నా మొహం చూస్తుంది. చూస్తే నాకు తెలుసని తెలిసిపోతుంది. అది తెలిసిపోయాక, ఇంట్లో ఇద్దరం ఎదురెదురుగా కూచుని ఏం చెయ్యాలి? నాకు తెలియదనే ధైర్యం మీద తిరుగుతోంది ఆవిడ."

"ఇప్పుడైనా అడుగు బావా."

బావ లేచాడు. చేతులు కాలవలో కడుక్కున్నాడు, మళ్ళీ కడుక్కున్నాడు. షెడ్డు వైపు నడిచాడు.

చెవులాయన గట్టు మీదే నిలబడిపోయాడు. దూరం చాలా ఉంది. హెడ్‌ఫోన్లు సంచిలో ఉన్నాయి. పెట్టుకుంటే అంతా వినిపించేది, అక్క మైకు ఇంకా తియ్యలేదు. పెట్టుకోలేదు. బావ గుమ్మంలో నిలబడటం కనిపించింది. అక్క సంచి దులపడం ఆపింది. బావ చెయ్యి ఒకసారి లేచి పడింది. అక్క చేతిలో సంచితో అతని భుజమ్మీద ఒక్కటి వేసింది, కోపంగా. తర్వాత అదే సంచితో అతని మొహం తుడిచింది. దుమ్ము లేచింది. ఇద్దరూ తుమ్మారో, ఏడ్చారో అంత దూరం నుంచి అతనికి తెలియలేదు.

అంతా తెలిశాక కూడా ఆమె తవ్వకం వదిలి రానంది. "నేలలో పెట్టి పోతే అక్కడ మంచం మీద నాకు నిద్ర పడుతుందా?" అంది. బావ మళ్ళీ ముక్తసరి మనిషైపోయాడు. నేల ఆరడానికి నాలుగు రోజులు, తవ్వడానికి ఐదు రోజులు. మూడో వంతు దుంప కుళ్ళిపోయింది. తవ్వకం అయిన మర్నాడు, అన్నట్టుగానే, ఆమె ఉతికిన బట్టలు కట్టుకుని వ్యాను ఎక్కింది.

టౌనువాళ్ళు నగరానికి పొమ్మన్నారు. నగరంలో చెవులాయన ఇల్లే ఆస్పత్రికి దగ్గర. ముందు గది ఖాళీ చేసి, పాత టేపుల పెట్టెలు బాల్కనీలోకి మార్చి, మంచం వేశారు. డాక్టరు గదిలోకి బావతో పాటు అతనూ వెళ్ళాడు. డాక్టరు కాగితాలు తిరగేసి, ఊపిరితిత్తుల దాకా వెళ్ళిందన్నాడు. ఎవరి మీదా నేరం మోపకుండా, మామూలుగా, "ఒక మూడు నెలలు ముందొచ్చి ఉంటే వేరేలా మాట్లాడుకునేవాళ్ళం" అన్నాడు. బావ కింద గచ్చు వైపు చూశాడు. చెవులాయన గోడ మీది క్యాలెండరు వైపు చూశాడు. ఇద్దరూ ఒకరినొకరు చూసుకోకుండా బయటికొచ్చి, మందుల షాపు ముందు వరసలో ఒకరి వెనక ఒకరు నిలబడ్డారు.

అక్కా బావా ఐదు వారాలు ఉన్నారు వాళ్ళింట్లో. అక్క చెవులాయన భార్యతో జట్టుకట్టి అతన్ని ఆటపట్టించేది. ఓపిక ఉన్న పూట వంటింట్లో కుర్చీ వేసుకుని కూరగాయలు తరిగేది. సంచిలోంచి తీసిన దుంపలు చూసి, "వీటిని ఎవరు తవ్వారో గాని పార తగిలించారు" అని తప్పులు పట్టేది. ఒకరోజు మధ్యాహ్నం అతనొక్కడే ఉన్నప్పుడు మంచం మీంచి పిలిచింది.

"తమ్ముడూ, మాట తప్పావు కదూ?"

అతను తలుపు పట్టుకుని నిలబడ్డాడు. "తప్పానక్కా."

"ఎటూ తప్పేవాడివి, ఆ తప్పేదేదో కాస్త ముందే తప్పకపోయావా!" అని నవ్వింది. నవ్వు దగ్గులోకి తిరిగింది. అతను నీళ్ళు తెచ్చాడు. గ్లాసు అందుకుని, "ఊరికే అన్నాలే. అప్పుడు చెప్పి ఉంటే నిన్ను గుమ్మం తొక్కనిచ్చేదాన్ని కాదు" అంది. రెండు మాటలూ నిజమేనని అతనికి తెలుసు. ఆ రెండింటి మధ్య తను ఏ రోజున, ఏ పూట, ఎవరితో ఏం చెప్పి ఉండాల్సిందో అతను తర్వాత ఎంత వెతుక్కున్నా దొరకలేదు.

సినిమా ఆపేద్దామని డైరెక్టరమ్మ అంది. అక్క ఒప్పుకోలేదు. "నాట్లు తీశారు, తవ్వకం తీశారు. తీరా అమ్మే వేళకు వదిలేస్తారా?" అంది. ఇంటికి తిరిగి వెళ్ళాక రెండుసార్లు కెమెరా ముందు కూచుంది కూడా. మూడోసారి వ్యాను వెళ్ళేసరికి ఆమె లేదు. నాలుగు రోజులైందట. వంటింటి కిటికీ గట్టు మీద తోడికోడలి కొత్త కళ్ళజోడు పెట్టి ఉంది. ఆమె లోపలి నుంచి వచ్చి, అది తీసి పెట్టుకుని, వీళ్ళెవరో పోల్చుకున్నట్టు చూసి, మంచినీళ్ళు తేవడానికి లోపలికి వెళ్ళిపోయింది.

మిగిలింది స్టూడియో పని. శబ్దాలన్నీ కలిపే ఇంజనీరుకు ఆ కుటుంబం సంగతి తెలియదు. తవ్వకం సన్నివేశం నడుస్తుండగా అన్నాడు. "ఈవిడ ఊపిరి మరీ ఎక్కువగా వినిపిస్తోంది. చూసేవాళ్ళకు ఇబ్బందిగా ఉంటుంది. తగ్గించెయ్యనా?"

డైరెక్టరమ్మ చెవులాయన వైపు తిరిగింది. "మీరేమంటారు?"

"నన్నడక్కమ్మా" అన్నాడు.

ఇంజనీరు తగ్గించి వినిపించాడు. మాటలు శుభ్రంగా ఉన్నాయి, కానీ మాట్లాడుతున్నది ఎవరో వేరే ఆవిడలా ఉంది. మళ్ళీ పెంచాడు. ఉంచండి అంది డైరెక్టరమ్మ. చెవులాయన నీళ్ళు తాగొస్తానని బయటికి వెళ్ళి, ఆ రీలు అయ్యేదాకా వరండాలోనే నిలబడ్డాడు. "పనికిరాదు" అని రాసిన ఆ ముక్కను ఎవరూ తెరవలేదు. అది ఈనాటికీ డైరెక్టరమ్మ బీరువాలో, మిగతా వాటితో పాటు, ఒక డిస్కులో ఉంది. తీసెయ్యమని అడగడానికి అతనికి నోరు రాలేదు, అడిగితే ఎందుకో చెప్పాలి.

సినిమా పూర్తయ్యాక మొదట చూపించింది అక్కడే, ఆ షెడ్డులోనే, సున్నం కొట్టిన గోడ మీద. చుట్టుపక్కల చేలవాళ్ళంతా వచ్చారు. సంచుల మీద కూచున్నారు. అక్క మాటలకు పడీ పడీ నవ్వారు. అయ్యాక ఒకాయన లేచి, అంతా బాగుంది గాని సాళ్ళ మధ్య దూరం సినిమాలో తక్కువగా కనిపిస్తోందని, చూసినవాళ్ళు మనకు వ్యవసాయం రాదనుకుంటారని ఫిర్యాదు చేశాడు. దాని మీద కాసేపు వాదన నడిచింది.

అందరూ వెళ్ళాక బావ తీగలు చుట్టడంలో సాయం పట్టాడు. చుట్టిన తీగ అందిస్తూ అడిగాడు.

"తవ్వే రోజుల్లో అలా రొప్పేదా ఆవిడ?"

"ఆఁ."

"నాకు వినపడలేదే."

"నువ్వు పక్క సాల్లోనే ఉన్నావు కదా బావా."

"పక్కనే ఉన్నా. పార చప్పుడే వినపడింది" అన్నాడు బావ. తర్వాత వ్యాను దాకా వచ్చి, తలుపు సరిగ్గా పడిందో లేదో తోసి చూసి, వెనక్కి వెళ్ళిపోయాడు.

ఆ సినిమాను చాలాచోట్ల చూపించారు. శబ్దం బాగుందని, మట్టి వాసన వచ్చినట్టుందని రాశారు. ఒకచోట చెవులాయన్ని వేదిక మీదికి పిలిచారు. జ్వరమని కబురు పంపి ఇంట్లోనే కూచున్నాడు. పని మాత్రం మానలేదు. వేరే పని రాదు. ఎవరైనా మైకుతో పక్కకు వెళ్తే మీట ఇప్పటికీ తగ్గిస్తాడు, మునుపటి కన్నా తొందరగా. తగ్గించాక ఆ వైపు చూస్తూ ఉండిపోతాడు. రెండుసార్లు డైరెక్టర్లు విసుక్కున్నారు కూడా.

బావ అప్పుడప్పుడూ ఫోన్ చేస్తాడు. ఎక్కువగా పని మధ్యలో, మధ్యాహ్నాలు. ఆకు ముడత వచ్చిందనీ, మోటారు కాలిందనీ, తమ్ముడు లారీ మానేసి చేలోకి వచ్చాడనీ చెబుతాడు. అక్క మాట ఎత్తడు. చెవులాయన "ఊఁ" కొడుతూ వింటాడు. పెట్టెయ్యబోయే ముందు ప్రతిసారీ "ఒకసారి రారాదూ" అంటాడు బావ. ప్రతిసారీ ఇతను "వస్తాను బావా, ఈ నెలాఖరుకు" అంటాడు.

ఇంకా వెళ్ళలేదు.